మొఫసిలు వకీలు, మద్రాసు కౌన్సిలు: న్యాపతి సుబ్బారావు పంతులు
(దోమలగూడలో చేసిన స్మారకోపన్యాసం)



నిర్వాహకులు నాకు ఒకటే షరతు పెట్టారు. వకీలుగా బతికి చట్టసభలో కూర్చున్న తెలుగువాడి గురించి మాట్లాడాలి. ఆ జీవితం పందొమ్మిదో శతాబ్దంలో, ఒక చిన్న ఊళ్ళో మొదలై ఉండాలి. దోమలగూడలో నిలబడి ఈ మాట అనుకోగానే ఎవరికైనా ముందు గుర్తొచ్చేది మాడపాటి హనుమంతరావు గారు. నారాయణగూడలో ఆయన పేరున్న బాలికల పాఠశాల ఇక్కడికి నడక దూరం. ఆయన వకీలు, హైదరాబాదుకు తొలి మేయరు, ఆంధ్రప్రదేశ్ శాసన మండలికి అధ్యక్షుడు కూడా. కానీ పుట్టింది 1885లో, వకాల్తా పట్టింది ఆ తరవాతి శతాబ్దంలో. అదే నారాయణగూడలో కేశవ్ మెమోరియల్ విద్యాసంస్థలు ఎవరి పేరు మీద ఉన్నాయో ఆ కేశవరావు కొరట్కర్ గారు గుల్బర్గాలో వకీలుగా మొదలై హైకోర్టు న్యాయమూర్తి అయ్యారు. కాలానికి ఆయన సరిపోతారు గానీ, ఆ కథ చెప్పాలంటే మరాఠీ, ఉర్దూ నాకంటే బాగా వచ్చినవాళ్ళు కావాలి. అందుకని మిమ్మల్ని రాజమండ్రి తీసుకెళ్తాను, న్యాపతి సుబ్బారావు పంతులు గారి దగ్గరికి.

ఆయన్నే ఎంచుకోవడానికి ఈ పేట కూడా ఒక కారణం. అశోక్‌నగర్ కోచింగ్ సెంటర్లలో, చిక్కడపల్లి సెంట్రల్ లైబ్రరీలో గ్రూప్స్‌కు చదివే పిల్లలందరికీ 1892 భారత కౌన్సిళ్ళ చట్టం కంఠతా వచ్చు. బడ్జెట్ మీద చర్చించే హక్కు వచ్చింది, ఓటేసే హక్కు రాలేదు, ప్రశ్నలు అడగొచ్చు, అనుబంధ ప్రశ్నలు అడగరాదు. పరీక్షకు అంతే చాలు. ఆ చట్టం కింద నిజంగా మద్రాసు వెళ్ళి, ఆ కౌన్సిల్లో కూర్చుని, ఆ ప్రశ్నలు అడిగిన తెలుగు ప్లీడరు ఒకాయన ఉన్నాడని, ఆయన మిగతా జీవితమంతా ఆ చట్టం గీసిన గీతకు అటూ ఇటూగానే నడిచిందని చెబితే గైడులో లేని సంగతి ఒకటి మీకు దొరుకుతుంది.

సుబ్బారావు గారు 1856లో నెల్లూరులో పుట్టారు. కంపెనీ పాలన పోయి రాణి పాలన రావడానికి రెండేళ్ళ ముందు. చదువు కోసం మద్రాసు చేరారు, బి.ఎ. అయ్యాక లా తరగతుల్లో కూర్చున్నారు. అప్పుడే, 1878లో, తిరువళ్ళిక్కేణిలో ఆరుగురు కుర్రాళ్ళు కలిసి ఒక వారపత్రిక పెట్టారు. జి. సుబ్రహ్మణ్య అయ్యరు, ఎం. వీరరాఘవాచారి ఉపాధ్యాయులు. మిగతా నలుగురూ లా విద్యార్థులు: టి. టి. రంగాచారి, పి. వి. రంగాచారి, డి. కేశవరావు పంతులు, మన సుబ్బారావు పంతులు. పెట్టుబడి రూపాయి పన్నెండణాలు, అదీ అప్పు. అచ్చయినవి 80 ప్రతులు. మింట్ వీధిలోని శ్రీనిధి ముద్రాక్షరశాలలో సెప్టెంబరు 20న వెలువడ్డ ఆ పత్రికే ‘ది హిందూ’.

దానికి వెనక ఉన్న కోపం ఒక న్యాయమూర్తి నియామకం గురించి. టి. ముత్తుస్వామి అయ్యరును మద్రాసు హైకోర్టు జడ్జిగా వేశారు. ఒక భారతీయుడు ఆ పీఠం మీద కూర్చోవడమేమిటని ఆంగ్లో ఇండియన్ పత్రికలు రుసరుసలాడాయి. వాటికి జవాబు చెప్పడానికి మనవాళ్ళకంటూ ఒక్క పత్రిక లేదు. రేపో మాపో అదే హైకోర్టులో నల్లకోటు వేసుకోవలసిన కుర్రాళ్ళకు ఆ వెక్కిరింత ఎంత గట్టిగా తగిలి ఉంటుందో ఊహించుకోవచ్చు. అయితే లా విద్యార్థులు నలుగురూ పట్టాలు రాగానే ఎవరి దారిన వారు వెళ్ళిపోయారు. పత్రిక బరువంతా ఉపాధ్యాయులిద్దరి మీద పడింది. ఈ వెళ్ళిపోవడాన్ని కొందరు చిన్నచూపు చూస్తారు. నాకు అందులో తప్పు కనిపించదు. రూపాయి పన్నెండణాలు అప్పు తెచ్చుకున్నవాళ్ళకు ఇంటి దగ్గర పొయ్యి వెలగాలి కదా.

1880లో ఆయన రాజమండ్రి వచ్చి ప్రాక్టీసు పెట్టారు. మద్రాసులో ఉండి హైకోర్టు వకీలుగా పైకి రాగల యువకుడు మొఫసిలుకు ఎందుకు వచ్చాడన్నది అడగదగ్గ ప్రశ్నే. అప్పటి గోదావరి జిల్లాకు కలెక్టరు కాకినాడలో ఉంటే, జిల్లా జడ్జి రాజమండ్రిలో ఉండేవాడు. ధవళేశ్వరం ఆనకట్ట 1852కే పూర్తయింది. ముప్పై ఏళ్ళలో డెల్టా స్వరూపం మారిపోయింది. నీరు పారిన భూమికి ధర వచ్చింది, ధర వచ్చిన భూమికి సరిహద్దు తగాదా వచ్చింది, ఆ తగాదా కోర్టుకెక్కింది. దానికి తోడు జమీందారీలు, వారసత్వాలు, దత్తతలు, ఇనాములు, ఏటా నది మింగి మళ్ళీ ఇచ్చే లంక భూములు. పిఠాపురం సంస్థానం వారసత్వ వివాదం లండన్‌లో ప్రివీ కౌన్సిలు గడప దాకా పోయింది. పైన మన్యంలో రంప పితూరీ అప్పుడే సద్దుమణుగుతున్న రోజులు. చదువుకున్న ప్లీడరుకు ఆ ఊళ్ళో పనికి కొదవ లేదు.

మొఫసిలు ప్లీడరు ఇంటి అరుగును ఒక్కసారి మనసులో కట్టుకోండి. ఎందుకంటే ఈ మనిషి తరవాత చేసిన ప్రతి పనికీ మూలం అక్కడే ఉంది. తెల్లారేసరికి కక్షిదార్లు వచ్చి ఉంటారు. పడవ దిగి వచ్చినవాడు, రెండు రోజులు బండి మీద వచ్చినవాడు, ఊరి కరణాన్ని వెంటబెట్టుకు వచ్చినవాడు. పక్కన చాప మీద గుమాస్తా, ముందు డెస్కు, స్టాంపు కాగితాలు. రైతు తన గోడు ముత్తాతతో మొదలుపెడతాడు. ప్లీడరు పని ఆ ముత్తాతను, పెళ్ళిళ్ళను, తిట్లను అన్నిటినీ వినడం, విని దావాకు పనికొచ్చే నాలుగు సంగతులు ఏరడం, వాటిని కోర్టు భాషలోకి, కోర్టు కోరిన క్రమంలోకి మార్చి, గడువు దాటకుండా దాఖలు చెయ్యడం. దాఖలయ్యాక జవాబు వస్తుంది. జవాబు వంకరగా ఉంటే అప్పీలు. అప్పీలు పోతే రివ్యూ. కోపం వచ్చినా గొంతు పెంచకూడదు. గొంతు పెంచితే పోయేది కక్షిదారు కేసు.

ఈ అలవాటే ఆ తరం రాజకీయం. రాజ్యాన్ని ఒక పెద్ద జిల్లా కోర్టుగా చూశారు వాళ్ళు. అర్జీ సరిగ్గా రాస్తే, ఆధారాలు జత చేస్తే, న్యాయం ఎప్పటికైనా దొరుకుతుందని నమ్మారు. ఆ నమ్మకాన్ని తరవాతివాళ్ళు బాగా ఎగతాళి చేశారు. ఎగతాళికి తగిన భాగం అందులో ఉంది కూడా. దాని దగ్గరికి తరవాత వస్తాను.

రాజమండ్రిలో అప్పటికే కందుకూరి వీరేశలింగం గారు ఉన్నారు. 1874 నుంచి ఆయన పత్రిక వివేకవర్ధని నడుస్తోంది. 1881 డిసెంబరులో ఆయన తొలి వితంతు వివాహం జరిపించారు. ఊరు రెండుగా చీలింది. వీరేశలింగం గారికి కావలసినది కలం, మొండితనం. అవి ఆయన దగ్గర దండిగా ఉన్నాయి. లేనివల్లా పరపతి, డబ్బు, చట్టం తెలిసిన స్నేహితులు. ఆ ఊరి చదువుకున్న ఉద్యోగులు, ప్లీడర్లలో కొందరు ఆయన పక్షాన నిలిచారు, సుబ్బారావు గారూ ఆ వర్గంవారే. అయితే ఈయన సంస్కర్త స్వభావం వేరు. వీరేశలింగం గారిలా వీధిలో నిలబడి పోట్లాడే మనిషి కాదు. సంస్థ కట్టి, దానికి నియమాలు రాసి, ఖర్చు పెట్టుకుని, పక్కన నిలబడే మనిషి.

దానికి సాక్ష్యం చింతామణి. 1891లో సుబ్బారావు గారు ఈ మాసపత్రిక మొదలుపెట్టారు. వీరేశలింగం గారి చెయ్యి అందులో ఉంది. తెలుగులో అప్పటికి నవల అంటే దాదాపు ఒక్క రాజశేఖర చరిత్రమే. చింతామణి నవలలకు పోటీ పెట్టింది, బహుమతి డబ్బు ప్రకటించింది. అంతే, ఎక్కడెక్కడి కుర్రాళ్ళో నవలలు రాయడం మొదలుపెట్టారు. వాళ్ళలో ఒకరు చిలకమర్తి లక్ష్మీనరసింహం గారు. చూపు సరిగా ఆనని ఆ యువకుడి రామచంద్ర విజయానికి 1894లో బహుమతి వచ్చింది. తెలుగు నవల చరిత్ర రాసేవాళ్ళు రచయితల పేర్లు చెప్పి, చింతామణి అని ఒక మాట అనేసి ముందుకు వెళ్ళిపోతారు. నేను అక్కడ కాసేపు ఆగుతాను. ఒక సాహిత్య ప్రక్రియ పుట్టడానికి ప్రతిభ ఒక్కటే చాలదు. ఫలానా తేదీలోగా పంపండి, పరీక్షించేవారు ఉన్నారు, గెలిస్తే ఇంత ఇస్తాం, అచ్చు కూడా వేస్తాం అనే భరోసా కావాలి. గడువు, పరిశీలన, తీర్పు, చెల్లింపు: ఇది ప్లీడరు బుర్రలో పుట్టిన పద్ధతి. మన తొలి నవలల పుట్టుకలో కోర్టు వాసన ఉందంటే సాహిత్య మిత్రులు నా మీద కోప్పడకూడదు.

రాజమండ్రి మునిసిపాలిటీ 1866 నాటిది. చాలాకాలం అది దొరగారి కనుసన్నల్లోనే నడిచింది. 1882లో లార్డ్ రిప్పన్ స్థానిక స్వపరిపాలన తీర్మానం, 1884లో మద్రాసు జిల్లా మునిసిపాలిటీల చట్టం వచ్చాక ఊళ్ళో పన్ను కట్టే కొద్దిమందికి ఓటు, సభ్యులకు తమ ఛైర్మన్‌ను ఎన్నుకునే వీలు వచ్చాయి. సుబ్బారావు గారు ఆ ఊరికి మునిసిపల్ ఛైర్మన్‌గా పనిచేశారు. ఆ తరవాత అదే కుర్చీలో కూర్చున్న మరో ప్లీడరు టంగుటూరి ప్రకాశం గారు. ఆయన అప్పటికి రెండో తరగతి ప్లీడరు, హైకోర్టులో వాదించే అర్హత లేదు, ఆ పట్టుదలతోనే లండన్ వెళ్ళి బారిస్టరై వచ్చారు. గోదావరి గట్టున కాలవల బాగు, దీపాల నూనె, మెట్ట వీధికి మంచినీళ్ళు అంటూ తల పట్టుకున్న కుర్చీ నుంచి ఒకాయన ఇంపీరియల్ కౌన్సిలు దాకా, ఇంకొకాయన ఆంధ్ర రాష్ట్ర ముఖ్యమంత్రి పదవి దాకా వెళ్ళారు.

ఇక మద్రాసు కౌన్సిలు. 1892 చట్టంలో ఎన్నిక అనే మాటే లేదు. మునిసిపాలిటీలు, జిల్లా బోర్డులు గుంపులుగా కూడి ఒక పేరు సిఫారసు చేస్తే గవర్నరు గారు ఆ పేరును నామినేట్ చేస్తారు. పేరు మునిసిపల్ సభ్యులు పంపినా, కూర్చోబెట్టింది మాత్రం తామే అనిపించుకోవడం సర్కారు ముచ్చట. ఉత్తర సర్కారుల మునిసిపాలిటీల సభ్యులు ఎంచి పంపడంతో సుబ్బారావు గారు ఆ చట్టం తొలి రోజుల్లోనే, 1890ల్లో, ఆ సభలో అడుగుపెట్టారు.

అక్కడికి చేరడమే ఒక ప్రయాణం. గోదావరి మీద రైలు వంతెన 1900కు గానీ పూర్తి కాలేదు. అంతకు ముందు రాజమండ్రి మనిషి మద్రాసు వెళ్ళాలంటే నది దాటి కొవ్వూరులో రైలెక్కాలి. ఆ రైలైనా తొంభైలలో వచ్చిందే. దానికీ ముందైతే కాలవ పడవలో కాకినాడ చేరి స్టీమరు పట్టుకోవాలి. ప్లీడరు అన్ని రోజులు ఊళ్ళో లేకపోతే వాయిదాలు తప్పుతాయి, కక్షిదార్లు మరో అరుగు వెతుక్కుంటారు.

ఇంత శ్రమపడి వెళ్ళినవాడు ఏం చెయ్యగలడు? ముందుగా రాసిచ్చిన ప్రశ్న చదవగలడు. ప్రశ్నకు రోజుల ముందే నోటీసు ఇవ్వాలి, అధ్యక్షుడు వద్దంటే అది సభకే రాదు. వచ్చినా, ప్రభుత్వ సభ్యుడు సిద్ధం చేసుకున్న జవాబు చదువుతాడు. జవాబులో చిల్లు కనిపించినా, అయ్యా, ఆ చిల్లు సంగతేమిటి అని రెండో మాట అనడానికి వీల్లేదు. క్రాస్ ఎగ్జామినేషన్‌తో పొట్టపోసుకునే మనిషికి ఇంతకంటే శిక్ష ఇంకేముంటుంది? సాక్షి బోనులోనే ఉన్నాడు, అబద్ధం చెప్పాడని తెలుస్తోంది, తరవాతి ప్రశ్న నోటి దాకా వచ్చింది. నిబంధన ప్రకారం కూర్చోవాలి. 1909 సంస్కరణలు వచ్చే దాకా ఇదే తంతు.

అయినా వాళ్ళు మానలేదు. ఎందుకంటే ప్రశ్న, జవాబు రెండూ గెజిట్‌లో అచ్చవుతాయి. నీటితీరువ ఎందుకు పెంచారు, ఫలానా అధికారి మీద విచారణ ఏమైంది అని ఒక్కసారి అచ్చులో పడితే అది రికార్డు. రికార్డు విలువ ప్లీడరుకు తెలిసినంతగా మరెవరికీ తెలియదు. రాజమండ్రిలో, ఏలూరులో, బందరులో పత్రికలు దాన్ని ఎత్తి రాస్తాయి. మరుసటి ఏడు అదే జవాబును పట్టుకుని ఇంకొకరు అడుగుతారు. ఇవాళ సమాచార హక్కు దరఖాస్తు పెట్టేవాళ్ళు చేసే పని ఇదే. వాళ్ళకు చట్టం అండ ఉంది. ఆనాటి సభ్యుడికి ఉన్నదల్లా అచ్చయిన కాగితం.

అదే కౌన్సిల్లో ఆ దశాబ్దాల సంగతి ఇంకొకటి చెప్పకుండా ఉండలేను, వకీళ్ళు ఇంతమంది ఉన్నారు గనక. ఉమ్మడి కుటుంబం డబ్బుతో చదువుకున్నవాడు ప్లీడరై సంపాదిస్తే ఆ సంపాదన అతనిదా, అన్నదమ్ములందరిదా? అతని స్వంతమేనని తేల్చడానికి భాష్యం అయ్యంగారు విద్యార్జన బిల్లు తెచ్చారు. కౌన్సిలు ఒప్పుకుంది, గవర్నరు ఒప్పుకోలేదు. అది చట్టమయ్యేసరికి 1930 అయింది. చట్టసభలో కూర్చున్న వకీళ్ళు తమ జేబు గురించి కూడా ఆలోచించారని దీన్ని బట్టి తెలుస్తుంది. దేవతలని చెప్పడానికి నేను రాలేదు.

ఇప్పుడు హైదరాబాదు వైపు తిరుగుదాం. నిజాం ఏలుబడిలో కూడా దాదాపు అప్పుడే, 1893లో, చట్టాలు చేసే ఒక కౌన్సిలు ఏర్పడింది. తరవాత అందులో హైకోర్టు వకీళ్ళు ఎన్నుకునేవారికి కొద్దిపాటి చోటు దొరికింది. అయితే రాజమండ్రి ప్లీడరుకు ఉన్న రెండు వసతులు ఇక్కడి వకీలుకు లేవు. ఒకటి, గట్టిగా రాసినా నడవగలిగే పత్రిక. రెండు, తన భాషలో నడిచే కోర్టు, తన భాషలో మాట్లాడనిచ్చే సభ. 1921 నవంబరులో ఇక్కడి వివేకవర్ధని ఆవరణలో జరిగిన సంస్కరణ సభలో అల్లంపల్లి వెంకటరామారావు అనే హైకోర్టు వకీలు తెలుగులో మాట్లాడబోతే గోల చేసి కూర్చోబెట్టారు. ఆ సభకు అధ్యక్షుడు పూనా నుంచి వచ్చిన కర్వే మహాశయుడు. ఆ అవమానంతోనే ఆంధ్ర జనసంఘం పుట్టింది, మాడపాటి వారు దాన్ని భుజానికెత్తుకున్నారు. కొన్నేళ్ళకు, 1928లో, ఆయన తెలుగు మాధ్యమంలో బాలికల పాఠశాల పెట్టినప్పుడు దానికి గుర్తింపు ఇక్కడ దొరక్క, అదే కర్వే గారి మహిళా విశ్వవిద్యాలయం నుంచి తెచ్చుకోవలసి వచ్చింది. చరిత్రకు హాస్యం తెలియదని ఎవరన్నారు?

అంటే అక్కడి వకీలు మునిసిపాలిటీ నుంచి కౌన్సిలుకు వెళ్ళాడు. ఇక్కడి వకీలు గ్రంథాలయం నుంచి, బడి నుంచి, వెట్టిచాకిరీ మీద వేసిన కరపత్రాల నుంచి బయల్దేరి, రాజ్యం మారాక గానీ చట్టసభకు చేరలేదు. మాడపాటి వారు మండలి అధ్యక్షులయ్యేసరికి 1958. డెబ్భై మూడేళ్ళ వయసు. దారులు వేరైనా పని చేసే తీరు ఒకటే: నియమావళి, మినిట్సు, చందా రసీదు, తీర్మానం, మళ్ళీ తీర్మానం.

సుబ్బారావు గారి దగ్గరికి వద్దాం. 1910లో ఆయన ఇంపీరియల్ లెజిస్లేటివ్ కౌన్సిలుకు వెళ్ళారు. గోఖలే గారి నిర్బంధ ప్రాథమిక విద్య బిల్లు చర్చకు వచ్చి, 1912 మార్చిలో 13 ఓట్లకు ఎదురుగా 38 ఓట్లతో ఓడిపోయింది ఆ సభలోనే. సర్కారు మెజారిటీ ముందు ఎంత మంచి బిల్లయినా ఎలా పోతుందో ఆ రోజు దేశమంతా చూసింది.

నా లెక్కలో ఆయన జీవితంలో అసలైన ఏడు 1914. రెండు పనులు ఆ ఏడు జరిగాయి.

మొదటిది బెజవాడలో. అంతకు ముందు ఏడు బాపట్లలో తొలి ఆంధ్ర మహాసభ జరిగింది, బయ్యా నరసింహేశ్వర శర్మ గారు అధ్యక్షులు. తెలుగు జిల్లాలకు ప్రత్యేక రాష్ట్రం కావాలన్న తీర్మానం అక్కడ తెగలేదు. రాయలసీమవారికి, నెల్లూరువారికి అనుమానాలున్నాయి, ముందు ప్రజాభిప్రాయం కూడగడదాం అని వాయిదా వేశారు. 1914 ఏప్రిల్లో బెజవాడలో రెండో సభ. అధ్యక్షుడు సుబ్బారావు పంతులు. నెల్లూరులో పుట్టి గోదావరి జిల్లాలో బతికిన మనిషి. ఆ సభలో ప్రత్యేకాంధ్ర తీర్మానం భారీ మెజారిటీతో నెగ్గింది. అనుమానాలు తీరాయని కాదు, అవి శ్రీబాగ్ ఒడంబడిక దాకా, ఆ తరవాత కూడా నడిచాయి. కానీ తీర్మానం రికార్డులోకి ఎక్కింది.

రెండోది పూనాలో. 1907 సూరత్ సభలో కాంగ్రెసు చీలింది. మితవాదులు నియమావళి గట్టిగా బిగించి అతివాదులకు తలుపు మూశారు. 1914 జూన్లో తిలక్ మాండలే జైలు నుంచి వచ్చారు. అప్పుడు కాంగ్రెసు ప్రధాన కార్యదర్శుల్లో ఒకరు సుబ్బారావు గారు. అనీబిసెంటుతో కలిసి రాజీకి పూనుకుని పూనా వెళ్ళి, ఇటు గోఖలేతో, అటు తిలక్‌తో మాట్లాడారు. ఏ సంఘాలు ప్రతినిధుల్ని ఎన్నుకోవచ్చో చెప్పే ఒక్క నియమాన్ని కాస్త సడలిస్తే తిలక్ పక్షం పరువు చెడకుండా లోపలికి రావచ్చు. ఇది అచ్చంగా ప్లీడరు ఆలోచన: ఎవరూ ఎవరి కాళ్ళూ పట్టుకోనక్కర్లేదు, ఒక క్లాజు మారిస్తే చాలు. గోఖలే మొదట మెత్తబడ్డారు. తిలక్ లోపలికి వచ్చి ఏం చెయ్యదలచుకున్నారో విన్నాక వెనక్కి తగ్గారు. ఆ ఏటి మద్రాసు కాంగ్రెసుకు అధ్యక్షుడైన భూపేంద్రనాథ్ బసుకు ఆయన రాసిన ఉత్తరంలోని సంగతి ఆ సభలో బయటపడింది. తిలక్ ప్రభుత్వ బహిష్కారం కోరుతున్నాడని ఒకరు, నేనలా అనలేదని తిలక్. రాజీ ఆ ఏటికి చెడింది. 1915లో గోఖలే, ఫిరోజ్‌షా మెహతా ఇద్దరూ కన్నుమూశారు. ఆ ఏడు బొంబాయిలో ఆ నియమమే సడలింది, 1916 లక్నోలో తిలక్ వేదికెక్కారు. సుబ్బారావు గారు తీసుకెళ్ళిన మందే చివరికి పనిచేసింది, రోగి మింగడానికి రెండేళ్ళు పట్టింది. లక్నో గురించి రాసేవాళ్ళు ఈ రాజమండ్రి ప్లీడరు పేరు ఎత్తకపోవడం అన్యాయం.

1917 చివర భారత వ్యవహారాల మంత్రి మాంటేగు మద్రాసు వచ్చినప్పుడు ఆంధ్ర రాష్ట్రం కోసం కలిసిన ప్రతినిధి వర్గానికి నాయకుడు సుబ్బారావు గారు. కాంగ్రెసు ఆంధ్రకు ప్రత్యేక శాఖ ఒప్పుకున్నాక, 1918 జనవరిలో ఏర్పడ్డ ఆ సంఘానికి తొలి అధ్యక్షుడు ఆయన, కార్యదర్శి కొండ వెంకటప్పయ్య గారు. జనం ఆయన్ని ఆంధ్ర భీష్ముడన్నారు. బిరుదుకు తగ్గట్టే యుద్ధం మధ్యలో పక్కకు జరగవలసి వచ్చింది. గాంధీ గారు వచ్చారు. ప్లీడర్లు కోర్టులు మానాలన్నారు, కౌన్సిళ్ళు మానాలన్నారు. నలభై ఏళ్ళు ఏ రెంటి మీద బతికాడో, ఆ రెంటినీ వదలమంటే అరవై నాలుగేళ్ళ మనిషి ఏం చేస్తాడు? ప్రకాశం, వెంకటప్పయ్య ప్రాక్టీసులు వదులుకుని ముందుకు దూకారు. సుబ్బారావు గారు దూకలేదు. 1941 జనవరిలో, ఎనభై అయిదో ఏట పోయారు. ఆంధ్ర రాష్ట్రం రావడానికి ఇంకా పన్నెండేళ్ళు ఉంది.

ఎగతాళికి తగిన భాగం దగ్గరికి వస్తానన్నాను. ఈ తరం ప్లీడర్లకు అరుగు మీదికి వచ్చిన రైతు కక్షిదారుగా తెలుసు గానీ, తమ పక్కన కూర్చుని తీర్మానం ప్రతిపాదించే మనిషిగా తెలియదు. అరుగు దాకా రాలేని పాలేరు అసలే తెలియదు. వాళ్ళ సభలు ఎక్కువగా ఇంగ్లీషులో నడిచాయి. రాష్ట్రం కావాలన్నప్పుడు ఉద్యోగాల లెక్క ముందు వచ్చింది, భూమి లెక్క రాలేదు. ఆ లోపం చిన్నది కాదు, జనం గాంధీ గారి వెంట, తరవాత తెలంగాణలో సంఘం వెంట నడవడానికి అదీ ఒక కారణం. అయినా జైలుకు వెళ్ళినవాళ్ళు తిరిగి వచ్చి 1937లో మంత్రులైనప్పుడు, నోటీసు ఎలా ఇవ్వాలి, బిల్లు ఎలా చదవాలి, అధికారి జవాబులో చిల్లు ఎక్కడ వెతకాలి అన్నవి ఎవరి దగ్గర నేర్చుకున్నారు? రెండో ప్రశ్న అడిగే హక్కు లేని సభలో మొదటి ప్రశ్న శ్రద్ధగా అడిగినవాళ్ళ దగ్గర. ఇవాళ మన సభల్లో అనుబంధ ప్రశ్నలకు అడ్డేమీ లేదు, ప్రశ్నోత్తరాల గంట మాత్రం గోలలో కొట్టుకుపోతోంది. సుబ్బారావు పంతులు గారు మహానాయకుడని నేను అనను. మంచి శాసనసభ్యుడు. తెలుగు దేశంలో మొదటివాళ్ళలో ఒకరు. అది తక్కువ మాట కాదు.

చివరగా ఒక మనవి. రాజమండ్రి, కాకినాడ, ఏలూరు, బందరు, గుంటూరు, ఇటు వరంగల్లు, నల్లగొండ: పాత బార్ అసోసియేషన్లలో, వకీళ్ళ వారసుల అటకల మీద మినిట్సు పుస్తకాలు, చింతామణి లాంటి పత్రికల విడి సంచికలు, కౌన్సిలు ప్రొసీడింగ్స్ సంపుటాలు ఇంకా ఉంటాయి. చెద పట్టకముందు వాటిని దగ్గర్లోని గ్రంథాలయానికి ఇవ్వండి, లేదా కనీసం స్కాన్ చేయించండి. అశోక్‌నగర్‌లో చదివే పిల్లల్లో ఒకరిద్దరైనా పరీక్ష అయ్యాక ఆ ప్రొసీడింగ్స్ తెరిచి, 1893 నుంచి 1909 దాకా తెలుగు సభ్యులు అడిగిన ప్రశ్నలన్నీ ఒకచోట చేర్చి తెలుగులో అచ్చు వెయ్యండి. ఆ పుస్తకం మనకు ఉండాలి.